స్వీటీ అన్న పిలుపు

నాకు కోపం ముక్కు మీదే ఉంటుంది. మా ఆయన గోపాలకృష్ణమూర్తిగారు పెళ్లయిన నాటి నుంచి ఆ మాట వచ్చేవాళ్లకూ పోయేవాళ్లకూ చెబుతూనే ఉన్నారు కనుక కొత్తగా దాచుకోవలసిందేమీ లేదు. ఇందులో ఎక్కడైనా నా గొంతు పెరిగితే అది నా గుణమని సర్దుకోండి. ఊరికే మాత్రం పెరగదు.

గౌలిపురాలో మా ఎదురిల్లు బాలనర్సింహది. ముందు రెండు గదులు, వెనక బర్రెల కొట్టం. తాతల నాటి నుంచి పాల వ్యాపారం. మేము ఆయన ఉద్యోగం కోసం తెనాలి నుంచి వచ్చి, అద్దె చౌకని ఈ గల్లీలో దిగి, ఇక్కడే పాతబడిపోయాం. బాలనర్సింహ పాలు పోస్తేనే మా ఇంట్లో కాఫీ. నేను చెప్పబోయేది అతని కూతురు ఆండాలు గురించి. ఆ పేరు మీరు విని ఉండరు. కానీ పాతబస్తీలో ఏ ఆటోవాణ్ని ఆపి అడిగినా, పొద్దున్నే రేడియోలో వచ్చే స్వీటీ ఎవరంటే నవ్వు మొహం పెడతాడు. ఆ స్వీటీ ఈ ఆండాలే. ఒకప్పుడు. అదే నా కడుపుమంట.

ఆ పిల్లను బడిలో వేసిన రోజు నాకు బాగా గుర్తు. తల్లి చంద్రమ్మ నన్ను తోడు రమ్మంది. తోడెందుకని నేను కసురుకుంటే నవ్వి ఊరుకుంది. తీరా హెడ్మాస్టరు పిల్ల పేరేమిటని అడిగేసరికి చంద్రమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నా వైపు చూసింది. ఆయన మళ్లీ అడిగాడు. ఆవిడ నా మోచెయ్యి గిల్లింది.

"అక్కా, జర నువ్వు చెప్పు. మా అత్త పేరు నా నోటెంబడి రాదు" అంది.

సంగతి అదీ. ఆండాలు అన్నది బాలనర్సింహ తల్లి పేరు. పిల్ల పుట్టడానికి ముందు ఏడే ఆవిడ పోయింది. తల్లి మళ్లీ పుట్టిందని బాలనర్సింహ ఆ పేరే పెట్టుకున్నాడు. పెట్టడం వరకూ బాగానే ఉంది. పిలవడమెలా? కోడలు అత్తగారి పేరు ఎత్తకూడదు. కొడుకేమో కన్నతల్లి పేరు పెట్టి ఏమే, ఒసే అనలేడు. ముద్దు చేయాలన్నా కసరాలన్నా ఆ పేరు పనికిరాదు. మన తెలుగువాళ్ల ఇళ్లలో ఇది ఉన్నదే. అందుకే పెద్దల పేరున్న పిల్లలకు ఇంట్లో ఇంకో పేరుంటుంది. ఈ గల్లీలో ఏ తలుపు తట్టినా ఒక బబ్లూ, ఒక మున్నా, ఒక సోనీ బయటికి రావడానికి కారణం అదే.

ఇక స్వీటీ అన్న పేరు ఎక్కడిదంటారా, మా కుక్కది. అవును, మేము అప్పట్లో తెల్లబొచ్చు కుక్కను పెంచేవాళ్లం. పాలు పోయడానికి వచ్చినప్పుడల్లా మా ఆయన దాన్ని పిలవడం విని బాలనర్సింహ మురిసిపోయేవాడు. ఏం పేరమ్మా, నోట్లో వేసుకుంటే చాక్లెట్ లెక్క ఉంది, అనేవాడు. ఒకరోజు చంటిపిల్లను ఎత్తుకొచ్చి, ఈ పేరు నా బిడ్డకు పెట్టుకుంటే మీరేమన్నా అనుకుంటరా అని అడిగాడు. కుక్క పేరయ్యా అన్నాను. అయితేనేం, మంచి కుక్క కదా అన్నాడు. అలా ఆ పిల్ల స్వీటీ అయింది. తండ్రి అరిచినా స్వీటీయే, తల్లి అన్నం పెట్టి పిలిచినా స్వీటీయే. ఆండాలు అన్నది బడి హాజరుకే.

పిల్లకు మైకంటే భయం లేదు. దీపావళి వెళ్లాక మా దగ్గర పాలవాళ్లు సదర్ చేస్తారు. దున్నపోతులకు నూనె రాసి, మెడలో పూలు, కాళ్లకు గజ్జెలు కట్టి, డప్పుల మధ్య ఊరేగిస్తారు. ఆ సందట్లో తప్పిపోయిన పిల్లల పేర్లు మైకులో చెప్పే పని ఈ పిల్ల లంగా ఓణీ వయసులోనే నెత్తిన వేసుకుంది. పేర్లు చెప్పి ఊరుకునేది కాదు. పిల్లాడు ఏ రంగు చొక్కా వేసుకున్నాడో, ఏడుస్తున్నాడో, మిఠాయి తింటున్నాడో కూడా చెప్పేది. తర్వాత తర్వాత దున్నపోతు పేరు, దాని యజమాని పేరు, అది ఏం తిని అంత బలిసిందో అన్నీ తనే. ఆ పిల్ల మైకు పట్టని సదర్ గౌలిపురాలో చాలా ఏళ్లు లేదు.

డిగ్రీ అయ్యాక ఒక ఎఫ్‌ఎం స్టేషన్‌కు మనుషులు కావాలంటే వెళ్లింది. ఆ స్టేషన్ పేరు నా నోటితో చెప్పను. చంద్రమ్మ అత్తగారి పేరు చెప్పనిది గౌరవంతో, నేను దీని పేరు చెప్పనిది అసహ్యంతో. అక్కడ ఎంపిక చేసిన ఫణికుమార్ అనే ఆయన మా వైపు వాడే. మాట మెత్తన, వెన్నపూస. ఆండాలు అన్న పేరు వినగానే పక్కనున్నవాళ్లు నవ్వారట. ఇంట్లో ఏమని పిలుస్తారండీ అని ఆయన అడిగాడట. ఈ పిల్ల చెప్పింది. అంతే, ఆ పేరు ఖాయమైపోయింది. సంతకాలు పెట్టమంటే పెట్టి, మిఠాయి డబ్బాతో ఇంటికొచ్చింది. తన గొంతుతో పాటు తన ఇంటి పిలుపు కూడా వాళ్లకు రాసిచ్చిందని ఆమెకూ తెలియదు, చదువుకున్నదాన్నని విర్రవీగే నాకూ తెలియదు.

ప్రోగ్రాం పేరు 'లేవుండ్రి'. పొద్దున్నే ఆ పిల్ల గొంతు ఎలా మొదలయ్యేదో పాతబస్తీలో పసిపిల్లలకు కూడా కంఠతా వచ్చు.

"లేవుండ్రి, లేవుండ్రి. పాలొచ్చినయ్, నీళ్లొచ్చినయ్, నేనొచ్చిన. నేను మీ స్వీటీ."

మిగతా స్టేషన్లలో వాళ్లు సినిమావాళ్ల సంగతులు చెబుతూ, తమ జోకులకు తామే నవ్వుకునేవాళ్లు. ఈమెకు ఆ గొడవ లేదు. ఈమె కబుర్లన్నీ తండ్రి పాల క్యాన్‌లో వచ్చేవి. బాలనర్సింహ గౌలిపురా నుంచి షాలిబండ దాకా ఇల్లిల్లూ తిరిగి పాలు పోస్తాడు. ఎవరింట్లో పెళ్లి, ఎవరి పిల్లకు పరీక్ష, ఎవరికి మోకాళ్ల నొప్పి, ఎవరింట్లో అత్తాకోడళ్ల లొల్లి, అతనికి తెలియనిది లేదు. మర్నాడు కోడి కూయక ముందే కొట్టంలో బర్రెలకు కుడితి పెడుతూ అవన్నీ కూతురికి చెప్పేవాడు. ఆమె బకెట్లు అందిస్తూ వినేది. పేరుకు పెళ్లయి రెండిళ్ల అవతలికి వెళ్లింది గానీ ఆ వేళకు పుట్టింటి కొట్టంలోనే ఉండేది. భర్త రవీందర్ బేగంబజార్‌లో స్టీలు సామాన్ల దుకాణంలో పనిచేస్తాడు. మాటలు తక్కువ మనిషి. రేడియోలో గొంతు విని ఇష్టపడి చేసుకున్నాడు కనుక అతనికీ ఆమె స్వీటీయే.

ఇక్కడ కొట్టంలో విన్నది అక్కడ గాలిలో పలికేది. షాలిబండ రఫియా ఖాలా, మీ మోకాళ్లు ఎట్లున్నయ్, ఆకుకట్టు కట్టిన్రా లేదా అని అడిగేది. ఇయ్యాల పెద్ద పరీక్ష రాస్తున్న గాజుల దుకాణం అక్షయ్, పెన్నులు రెండు పెట్టుకో తమ్మీ, అనేది. అత్తాకోడళ్ల లొల్లి మాత్రం పేర్లు లేకుండా చెప్పి ఇద్దరికీ చెరో చురక పెట్టేది. విన్నవాళ్లకు తమ ఇంటి కిటికీలోంచి ఎవరో పలకరించినట్టు ఉండేది. రఫియా ఖాలా తన పేరు రేడియోలో విన్న రోజు బాలనర్సింహ చేతిలో పాలగిన్నెతో పాటు ఖుబానీ కా మీఠా గిన్నె కూడా పెట్టింది.

బర్రెలకు కూడా ఆ గొంతు అలవాటైంది. కొట్టంలో దూలానికి వేలాడే రేడియో మోగితేనే పొదుగు చేపి పాలు దిగేవి. నేను నమ్మలేదు. ఒకరోజు పొద్దున్నే వెళ్లి నా కళ్లతో చూశాను. రేడియో కట్టేస్తే తల తిప్పి చూసి, పాలు ఎగబట్టి నిలబడ్డాయి. పెట్టగానే కళ్లు సగం మూసి నెమరు మొదలుపెట్టాయి. బాలనర్సింహ మీసం మెలేసి నవ్వాడు.

అలా చాలా ఏళ్లు. ఆ మధ్యలో రాష్ట్రం మారింది, మా గల్లీ ముందు రోడ్డు రెండుసార్లు తవ్వి పూడ్చారు, మా ఆయన రిటైరయ్యారు. ఆ గొంతు మారలేదు. అప్పట్లో నేను గర్వపడేదాన్ని. మా కుక్క పేరు ఊరంతా పలుకుతోందని మా ఆయన ఎగతాళి చేసేవారు.

తర్వాత ఆ ప్లాట్ల ప్రకటన వచ్చింది. జల్‌పల్లి దాటాక ఒకానొక కంపెనీ ప్లాట్లు అమ్మకానికి పెట్టింది. ప్రకటన స్వీటీయే చదవాలని వాళ్ల పట్టు. 'స్వీటీ మాట, బంగారు మూట' అని ఒక పాట కూడా కట్టించారు. గంటకోసారి అదే. ఈ పిల్ల కాగితం మీద ఉన్నది చదివింది. అది ఆమె ఉద్యోగం. కానీ వినేవాళ్లకు ఏది ప్రకటనో, ఏది స్వీటీ సొంత మాటో తేడా ఎక్కడుంటుంది? మోకాళ్ల సంగతి అడిగిన గొంతే ప్లాటు కొనుక్కోమంటోంది. కొన్నారు. బేగంబజార్‌లో మూటలు మోసే వైకుంఠం కొన్నాడు. రవీందర్ పనిచేసే దుకాణానికి సరుకు దింపేది అతనే.

పోయిన ఏడు వానాకాలం ఆ ప్లాట్లన్నీ మునిగాయి. అది నీళ్లు నిలిచే పల్లం అని అమ్మినవాళ్లకు తెలుసు, కొన్నవాళ్లకే తెలియదు. ఒక పొద్దున ప్రోగ్రాం నడుస్తుండగా ఫోను వచ్చింది. నేను కాఫీ కలుపుతూ వింటున్నాను. వైకుంఠం గొంతు. అరవలేదు, తిట్టలేదు. అరిచి ఉంటే బాగుండేది.

"స్వీటీ బిడ్డా, నువ్వు చెప్తేనే కొన్న. నా ప్లాట్ల మోకాలు లోతు నీళ్లున్నయ్. మూట ఏడుంది బిడ్డా?"

అలాంటి ఫోను వస్తే పాట వేసి తప్పించుకోవాలట. అది వాళ్ల పద్ధతి. ఈ పిల్ల పాట వేయలేదు.  తనే జవాబు చెప్పింది.

"అన్నా, నేను ఆ జాగ సూడలె. రాసిచ్చింది సదివిన. మీరు నా గొంతు ఇని నమ్మిన్రు. తప్పు నాదే. వినేటోళ్లు ఇంకెవ్వరు కొనకుండ్రి."

నా చేతిలో కాఫీ గ్లాసు అలాగే ఉండిపోయింది. ఎంత మంచి మాట అన్నావే తల్లీ అని ఒకపక్క, కొంప మునిగిందే అని ఒకపక్క. రెండూ నిజమే అయ్యాయి.

స్టేషన్‌లో ఎవరూ కేకలు వేయలేదు. మావాళ్ల మర్యాద అలాగే ఉంటుంది, గారూ, అండీ అంటూనే గొంతు కోస్తారు. ఫణికుమార్ టీ తెప్పించి, బాగా అలిసిపోయినట్టున్నారండీ, కొన్నాళ్లు విశ్రాంతి తీసుకోండి, అన్నాడట. ఈ పిల్ల సరేనంది. కొన్నాళ్లంటే కొన్నాళ్లే అనుకుంది. ఆ కంపెనీ ప్రకటనలు లేకపోతే స్టేషన్‌కు పూట గడవదని ఆమెకు ఎవరూ చెప్పలేదు.

ఆ తర్వాతి సోమవారం పొద్దున కొట్టంలో రేడియో యథాప్రకారం మోగింది. లేవుండ్రి, లేవుండ్రి. పాలొచ్చినయ్, నీళ్లొచ్చినయ్, నేనొచ్చిన. నేను మీ స్వీటీ. బకెట్ పట్టుకుని తండ్రి పక్కనే నిలబడి ఉన్న ఆండాలు ఆ మాటలు వింది. తన పేరు, తన మాట, తన యాస. మనిషే తను కాదు.

ఆ గొంతు ఎవరిదో ఆమెకు వెంటనే తెలిసింది. రాగసుధ అని, కోస్తా నుంచి వచ్చిన ఉద్యోగస్తుల పిల్ల, ఇక్కడే పుట్టి పెరిగింది. సెలవు రోజుల్లో ప్రోగ్రాం చేయడానికి కొత్తగా తీసుకున్నామని చెప్పి, మాట నేర్పమని ఫణికుమారే ఆ పిల్లను ఆండాలు దగ్గరికి పంపాడు. అంతకు ముందు ఎండాకాలమంతా ఆ పిల్ల గౌలిపురాకు వచ్చింది. చంద్రమ్మ చేసిన జొన్నరొట్టెలు తింది, కొట్టంలో కూర్చుంది, ఎక్కడ గిట్ల అనాలో ఎక్కడ గట్ల అనాలో అడిగి అడిగి నేర్చుకుంది. వెళ్లేటప్పుడు చంద్రమ్మ కాళ్లకు దండం పెట్టింది. మంచి పిల్లే. తిట్టడానికి నాకు నోరు రాదు. తిట్టాలని మాత్రం రోజూ ఉంటుంది.

చంద్రమ్మ చరచరా వచ్చి రేడియో కట్టేసింది. బర్రెలు పాలు ఎగబట్టాయి. పావుగంట తంటాలు పడి, బాలనర్సింహ చేసేది లేక తనే మళ్లీ రేడియో పెట్టాడు. స్వీటీ మాట, బంగారు మూట అని పాట వస్తోంది. బర్రెలు కళ్లు సగం మూసి, ఒక్క చుక్క తగ్గకుండా పాలిచ్చాయి. కూతురి మొహం చూడలేక బాలనర్సింహ బర్రె పొట్టకు తల ఆనించుకుని పితికాడట. ఈ మాట ఆండాలే నాతో చెప్పి నవ్వింది. ఆ నవ్వు చూస్తే నాకు ఏడుపొచ్చింది.

బర్రెలు సరే, మనుషులకైనా తెలియాలి కదా. సగం మందికి తెలియలేదు. తెలిసిన సగం మందికీ ఏదో తేడాగా ఉందని తెలిసిందే గానీ మనిషే మారిందని తట్టలేదు. రఫియా ఖాలా గుమ్మంలో బాలనర్సింహను ఆపి, స్వీటీకా గలా బైఠ్‌గయా క్యాకీ అని, గొంతు బొంగురుపోయినందుకు బాధపడి, తేనె సీసా చేతిలో పెట్టింది. ఇంకొకరు శొంఠి పొడి ఇచ్చారు. మరొకరు తులసి రసం. పాలు పోసి వచ్చిన బాలనర్సింహ సంచీ నిండా గొంతు మందులు. బిడ్డ కొలువు పోయిందని గుమ్మం గుమ్మానికీ చెప్పుకోలేక, కాదనలేక, ఇచ్చినవన్నీ తెచ్చి అరుగు మీద పెట్టాడు. ఆండాలు వాటి ముందు కూర్చుని ఒక్కొక్క సీసా మూత తీసి వాసన చూసింది. తన గొంతు నిక్షేపంగా ఉంది. ఆ మందు ఎవరు తాగాలి?

సొంతంగా ఫోనులోనే ప్రోగ్రాం మొదలుపెట్టమని నేను పోరాను. పాతబస్తీ స్వీటీ అని పేరు పెట్టుకుని మొదలుపెట్టింది. వారం తిరక్కుండానే ఆ పేరు వాడవద్దని స్టేషన్ నుంచి కబురొచ్చింది. ఆండాలు అన్న పేరుతో పెడితే ఎవరూ వినలేదు. ఉల్లిగడ్డల ఆటోకు, పాత ఇనుము కొనే ఆటోకు గొంతు ఇచ్చింది. ఒకరోజు మా గుమ్మం ముందు ఆగిన ఆటోలోంచి ఆ గొంతే వినిపించింది. బాగా చెప్పింది కదా అని ఉల్లిగడ్డలవాణ్ని అడిగాను. మంచిగనే చెప్పింది గని అమ్మా, అచ్చం స్వీటీ నకలు కొడుతది, అన్నాడు. ఆ పూట నేను ఉల్లిగడ్డలు కొనలేదు. వాడి తప్పేముందని మా ఆయన అన్నారు. ఎవరి తప్పూ లేకుండా ఇంత అన్యాయం ఎలా జరుగుతుందో ఆయనే చెప్పాలి.

చివరికి ఆండాలు స్టేషన్‌కు వెళ్లింది. తోడుగా నన్ను తీసుకెళ్లింది. ఫణికుమార్ లేచి నిలబడి నమస్కారం పెట్టాడు. ఈ పిల్ల కూర్చోలేదు.

"నాకు కొలువు వద్దు సార్. నా పేరు నాకియ్యుండ్రి, సాలు."

"ఆండాలు గారూ, స్వీటీ అంటే మనిషి కాదండీ, అది మా షో. మీకు మీ సొంత పేరు ఉంది కదా, హాయిగా అది వాడుకోండి."

నేను నోరు తెరిచాను. ఆండాలు నా చెయ్యి పట్టుకుని ఆపేసింది. మెట్లు దిగి బయటికొచ్చాక, ఆటో కోసం నిలబడ్డప్పుడు అంది.

"సొంత పేరంట ఆంటీ. ఇంట్ల నన్ను ఆ పేరు పెట్టి పిల్షేటోళ్లు ఎవరున్నరు?"

నేను వచ్చిన ఆటోవాడితో బేరమైనా ఆడకుండా ఎక్కి కూర్చున్నాను. 

ఇంటికెళ్లి తల్లికీ తండ్రికీ భర్తకూ ఒకటే మాట చెప్పింది. ఇక నుంచి నన్ను స్వీటీ అనకండి, అది నా పేరు కాదు. ఎవరు అలా పిలిచినా ఆమె పలకలేదు. మొదట్లో ఒళ్లు మరిచి ఒకరిద్దరు పిలిచేవారు. ఆమె వినిపించుకోనట్టు కూరగాయలు తరుక్కుంటూ కూర్చునేది. మెల్లిగా నిజంగానే ఆ పిలుపు చెవికెక్కడం మానేసింది. రవీందర్‌కు ఇబ్బంది లేదు, సునో అంటే సరిపోయింది. చంద్రమ్మకే గతి లేకపోయింది. బిడ్డా అంటే గల్లీలో ఆడపిల్లలంతా పలుకుతారు, ఏమే అంటే పక్కింటావిడా తిరుగుతుంది. అత్త పేరు ఎత్తలేదు, తాము పెట్టుకున్న పేరు ఎత్తకూడదు. అన్నానికి పిలవాలంటే కంచం మీద గరిటెతో కొట్టేది. ఈ ఇంట్లో నా కూతురికి పేరు లేకుండ చేసిన్రక్కా అని నా దగ్గర ఒకసారి ఏడ్చింది.

ఇంతలో దీపావళి వెళ్లింది. సదర్ వచ్చింది. సదర్ చూసుకునే కుర్రాళ్ల పెద్ద బబ్లూ, బాలనర్సింహ అన్న కొడుకు. ఈసారి ఘనంగా చేయాలని స్టేషన్‌వాళ్లను పిలిచాడు. గల్లీ మొదట్లో నిలువెత్తు ఫ్లెక్సీ కట్టారు. మన స్వీటీ మన గౌలిపురాకు వస్తోంది అని రాసి, రాగసుధ బొమ్మ వేశారు. బబ్లూ మొహం చెల్లక రెండు రోజులు తిరిగి తిరిగి, చివరికి ఆండాలు దగ్గరికొచ్చి, అక్కా, ఏమనుకోకు, ఈసారి మైకు ఆమెనే పడుతది, అన్నాడు. ఏమనుకుంటానురా, పట్టనీ, అంది. నేనైతే మైకు వాడి నెత్తిన కొట్టేదాన్ని.

రావద్దని చంద్రమ్మ బతిమాలింది. తండ్రి దున్నపోతును ఊరేగిస్తుంటే రాకుండా ఎట్లుంటానని ఆండాలు వచ్చింది. బాలనర్సింహ దున్నపోతు పేరు పైల్వాన్. నల్లగా నిగనిగలాడుతూ, కొమ్ములకు నెమలీకలు కట్టించుకుని, ఇద్దరు మనుషులు పట్టినా ఆగనట్టు ఉంది. సాయంత్రం ఎండ ఇంకా గోడల మీద ఉండగానే ఊరేగింపు మా మలుపు దగ్గరికొచ్చింది. చంద్రమ్మ హారతి పళ్లెంతో నా పక్కన అరుగు మీద ఉంది. స్టేజీ మీద రాగసుధ మైకు పట్టుకుని మా మాటలే మాకు అప్పజెబుతోంది. జనం ఈలలు వేస్తున్నారు. ఆండాలు స్టేజీ కింద, దారికి వీపు పెట్టి, తలెత్తి ఆ పిల్లనే చూస్తూ నిలబడింది.

ఎవరో పటాకుల సరం అంటించారు. పైల్వాన్ బెదిరింది. ఒక్క విసురుకు రెండో మనిషి చేతిలోని తాడు జారిపోయింది. ఉన్న ఒక్క తాడూ రెండు చేతులా పట్టుకుని బాలనర్సింహ ఈడ్చుకుపోతున్నాడు. అది తిన్నగా ఆండాలు వైపే వస్తోంది. ఆ క్షణంలో అతనికి ఏ కట్టడీ గుర్తు లేదు.

"స్వీటీ, పక్కకు జరుగు. స్వీటీ!"

ఆండాలు కదల్లేదు. ఆమెకు అది తన పేరు కాదు. స్టేజీ మీదున్న పిల్ల తిరిగింది. కింద ఎవరో ముసలాయన ప్రేమగా పిలుస్తున్నాడనుకుని, చెయ్యి పైకెత్తి ఊపి, మైకులో "హాయ్ బాపూ, బాగున్నవా?" అంది. జనం చప్పట్లు కొట్టారు.

నా పక్కన హారతి పళ్లెం కింద పడింది.

"ఆండాలూ!"

చంద్రమ్మ నోట అలాంటి కేక నేను ఎప్పుడూ వినలేదు. ఆండాలు చటుక్కున తిరిగింది. చూసింది, గోడకు అతుక్కుపోయింది. పైల్వాన్ ఆమె కొంగు రాసుకుంటూ పక్క నుంచి దూసుకుపోయి, మలుపులో పదిమంది మీద పడి పట్టుకుంటే ఆగింది.

చంద్రమ్మ అరుగు మీద నిలబడే ఉంది. కుంకుమ కాళ్ల మీద ఒలికిపోయింది. రెండు చేతులూ ఎత్తి, అంతమంది జనంలో, టపటపా చెంపలేసుకుంది. తప్పైంది అత్తా, తప్పైంది, అని ఒకటే గొణుగుడు. ఆండాలు పరుగెత్తుకొచ్చి ఆ చేతులు పట్టుకుంది.

"కొట్టుకోకమ్మా. మంచిగనే పిలిచినవ్. ఇగ గట్లనే పిలువు."

చంద్రమ్మ కూతురి తల నిమురుతూ, కుదరదన్నట్టు తల అడ్డంగా ఊపింది.

మర్నాడు పొద్దున మనసాగక నేనే పాలగిన్నె పట్టుకుని కొట్టంలోకి వెళ్లాను. బాలనర్సింహ చేతులకు తాడు కోసుకుపోయిన చోట గుడ్డలు చుట్టుకుని పితుకుతున్నాడు. రేడియో మోగుతోంది. స్వీటీ తన సదర్ ముచ్చట చెబుతోంది. నిన్న గౌలిపురాలో ఒక బాపు జనంల నిలబడి నన్ను కన్నబిడ్డ లెక్క పేరు పెట్టి పిలిచిండు, నా కండ్లల్ల నీళ్లు తిరిగినయ్, అంది. నిజంగానే ఆ పిల్ల గొంతు వణికింది. బర్రెలు నెమరేస్తున్నాయి.

కొట్టం అవతల, నీళ్ల తొట్టి దగ్గర, ఆండాలు అటు తిరిగి బకెట్లు కడుగుతోంది. పితికిన బకెట్ నిండింది. ఇంకోటి అందుకోవాలి. బాలనర్సింహ తలెత్తి కూతురి వైపు చూశాడు. పిలవడానికి నోరు తెరిచాడు.  తర్వాత నోరు మూసుకుని, గుడ్డ చుట్టిన చేత్తో బకెట్ మీద టంగున కొట్టాడు. ఆ చప్పుడుకు ఆండాలు వచ్చింది.